ఉపాధ్యాయుల బదిలీలపై కోర్టుకు వెళ్లాలనుకునే వారికి: కర్నూలు, అనంతపురం, కడప జిల్లాల నుంచి తరచుగా వచ్చే ప్రశ్నలు

ప్రధానోపాధ్యాయుడిగా పదవీ విరమణ చేసిన తరువాత, బదిలీల కాలంలో మా ఇంటికి వచ్చే టీచర్లకు అర్జీలు రాసిపెట్టడం నాకు ఒక వ్యాపకమైంది. నేను న్యాయవాదిని కాను. ఏ కేసు ఎందుకు నిలిచిందో, ఏది ఎందుకు మొదటి రోజే పోయిందో దగ్గరగా చూసినవాడిని. ఆదోని డివిజన్ నుంచి, రాయదుర్గం వైపు నుంచి, పోరుమామిళ్ల దాకా ఎవరు వచ్చినా అడిగేవి దాదాపు ఇవే ప్రశ్నలు. మీ కేసులోని ప్రత్యేక విషయాలకు న్యాయవాది సలహా తప్పనిసరి. ఆ సలహాకు వెళ్లే ముందు చేతిలో ఏముండాలో, మనసులో ఏ ఆశ పెట్టుకోకూడదో తెలుసుకోవడానికి ఈ సమాధానాలు పనికివస్తాయి.

బదిలీ ఉత్తర్వును అసలు కోర్టులో సవాలు చేయవచ్చా?

చేయవచ్చు. రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ పిటిషన్ వేసుకునే హక్కు ప్రభుత్వోద్యోగికీ ఉంది. అయితే బదిలీ అనేది ఉద్యోగంలో భాగమనీ, ఫలానా ఊరిలోనే పనిచేస్తానని పట్టుబట్టే హక్కు ఉద్యోగికి లేదనీ సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. మన వృత్తికి బాగా దగ్గరైన తీర్పు 1991 నాటి శిల్పి బోస్ కేసు. బీహార్‌లో కొందరు ఉపాధ్యాయినులను వారి కోరిక మేరకు భర్తలు పనిచేసే చోట్లకు బదిలీ చేశారు. దానివల్ల స్థానం కోల్పోయిన టీచర్లు పట్నా హైకోర్టుకు వెళ్లి గెలిచారు. సుప్రీంకోర్టు ఆ తీర్పును కొట్టివేస్తూ, తప్పనిసరిగా పాటించవలసిన చట్టబద్ధ నిబంధన ఉల్లంఘన జరిగితేనో, దురుద్దేశం రుజువైతేనో తప్ప బదిలీల్లో కోర్టులు జోక్యం చేసుకోకూడదని చెప్పింది. కార్యనిర్వాహక సూచనలను (శాఖ జారీ చేసే మెమోల వంటివాటిని) మీరినా, సాధారణంగా పై అధికారికే మొర పెట్టుకోవాలన్నది కూడా అదే తీర్పు.

మా దగ్గరకు వచ్చే వారిలో చాలామంది మొదట చెప్పేది తమ కష్టం. హొళగుందకు రోజూ ఎలా పోయివస్తాను, అత్తగారికి డయాలసిస్ చేయించాలి, పిల్లవాడు ఇంటర్ రెండో సంవత్సరం అని చెప్పుకుంటారు. అవన్నీ నిజమైన కష్టాలే. కానీ న్యాయమూర్తి వెతికేది నిబంధన ఎక్కడ తప్పిందన్నది. అఫిడవిట్‌లో కష్టం నాలుగు పేజీలూ, నిబంధన నాలుగు వాక్యాలూ ఉంటే ఆ పిటిషన్ బరువు అక్కడే తేలిపోతుంది.

ఏయే కారణాలపై కోర్టు జోక్యం చేసుకుంటుంది?

ఉత్తర్వు ఇచ్చిన అధికారికి ఆ అధికారమే లేకపోవడం మొదటిది. మన జోన్‌లో గెజిటెడ్ ప్రధానోపాధ్యాయుల విషయం కడపలోని ప్రాంతీయ సంయుక్త సంచాలకుల కార్యాలయం చూస్తుంది. స్కూల్ అసిస్టెంట్లు, ఎస్జీటీల (సెకండరీ గ్రేడ్ టీచర్ల) విషయం జిల్లా విద్యాశాఖాధికారిది. ఈ గీత దాటి వచ్చిన ఉత్తర్వు బలహీనమైనది. చట్టబద్ధ నిబంధనను మీరడం రెండోది, ఆచరణలో ఎక్కువ కేసులు నిలిచేది దీని మీదే. శిక్ష వేయవలసిన చోట విచారణ జరపకుండా బదిలీ ముసుగులో శిక్షించడం మరొకటి. దురుద్దేశం కూడా ఒక కారణమే కానీ దానిని రుజువు చేసే భారం చాలా పెద్దదని 1974లో రాయప్ప కేసు నాడే సుప్రీంకోర్టు చెప్పింది. దురుద్దేశం ఆరోపించేటప్పుడు ఆ వ్యక్తిని పేరుతో ప్రతివాదిగా చేర్చకపోతే ఆ ఆరోపణను సాధారణంగా పట్టించుకోరు. పేరు చేర్చడానికి ధైర్యం చాలని వారు ఆ మాట ఎత్తకపోవడమే మంచిది. రుజువు లేని ఆరోపణ మిగతా బలమైన వాదాన్ని కూడా పలచన చేస్తుంది.

2025లో వచ్చిన ప్రత్యేక చట్టం వల్ల మన కేసులకు ఏమైనా బలం పెరిగిందా?

పెరిగిందనే నా అభిప్రాయం. అంతకుముందు ఉపాధ్యాయుల బదిలీల నిబంధనలు 1982 నాటి విద్యా చట్టం కింద ఉన్న అధికారాలతో ఎప్పటికప్పుడు జీవోలుగా వచ్చేవి. ప్రభుత్వం మారినప్పుడల్లా, ఒక్కోసారి ఒకే ప్రభుత్వంలో ఏడాది తిరగకుండానే జీవో మారేది. 2025లో శాసనసభ ఉపాధ్యాయుల బదిలీల క్రమబద్ధీకరణకు ప్రత్యేక చట్టం చేసింది. దాని కింద వచ్చిన నిబంధనలతో ఆ వేసవిలోనే వెబ్ కౌన్సెలింగ్ ద్వారా బదిలీలు జరిగాయి. ప్రధానోపాధ్యాయులకు ఐదు విద్యా సంవత్సరాలు, ఇతర ఉపాధ్యాయులకు ఎనిమిది విద్యా సంవత్సరాలు ఒకే బడిలో నిండితే తప్పనిసరి బదిలీ అన్న పద్ధతి పాత జీవోల నుంచి దీనిలోకీ వచ్చింది.

అయితే చిక్కంతా చట్టం దగ్గర కంటే దాని వెనుక వచ్చే వివరణల దగ్గర ఉంటుంది. షెడ్యూలు నడుస్తుండగా ఒక మెమో వస్తుంది. మరునాడు జూమ్ సమావేశంలో ఒక మాట చెబుతారు. సాయంత్రానికి మండల వాట్సాప్ గ్రూపులో ఎవరు రాశారో తెలియని నాలుగు పంక్తులు తిరుగుతాయి. వాటిని చూసి ఎంఈఓ (మండల విద్యాశాఖాధికారి) ఆఫీసులో, బదిలీలో ఎవరు ముందో తేల్చే పాయింట్లు మార్చేస్తారు. చట్టబద్ధ నిబంధనలో ఖాళీ ఉన్నచోట కార్యనిర్వాహక సూచనతో నింపవచ్చు కానీ, ఉన్న నిబంధనను సూచనతో తీసివేయకూడదన్నది 1967లో సంత్ రామ్ శర్మ కేసు నుంచి స్థిరపడిన సూత్రం. కాబట్టి మీ పాయింట్లు తగ్గడానికి కారణం నిబంధనా, వివరణా అన్నది ముందు తేల్చుకోండి. వివరణే కారణమైతే ఆ వివరణ కాపీ సంపాదించండి. వాట్సాప్ తెరచిత్రం సాక్ష్యంగా నిలవడం కష్టం. నంబరు, తేదీ ఉన్న మెమో నిలుస్తుంది.

కేసు ఎక్కడ వేయాలి? కర్నూలులోనే వేసుకునే దారి లేదా?

ఒకప్పుడు ఉద్యోగుల సర్వీసు తగాదాలకు హైదరాబాదులో పరిపాలనా ట్రిబ్యునల్ ఉండేది. అది మన రాష్ట్రానికి రద్దయిన తరువాత ఈ కేసులన్నీ నేరుగా హైకోర్టుకే వెళుతున్నాయి. 2019 జనవరి 1 నుంచి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు అమరావతిలో పనిచేస్తోంది. 1937 శ్రీబాగ్ ఒడంబడిక కాలం నుంచి రాజధానో హైకోర్టో సీమకు రావాలన్న మాట వింటూ పెరిగిన తరం మాది. ఇప్పటికీ మన టీచరు రాత్రి బస్సెక్కి తెల్లవారుజామున విజయవాడలో దిగి హైకోర్టు ఉన్న నేలపాడుకు పోతున్నాడు. ఆ బాధ వేరే చోట చెప్పుకుందాం. జిల్లా కోర్టుకు రిట్ అధికారం లేదు కాబట్టి అక్కడ వేసి కాలం పోగొట్టుకోవద్దు.

లోకాయుక్త, మానవ హక్కుల కమిషన్ కార్యాలయాలు కర్నూలులోనే ఉన్నాయి కదా, అక్కడ వేస్తే దగ్గరే కదా అని అడిగేవారు ఉన్నారు. బదిలీ ఉత్తర్వుపై స్టే ఇచ్చే అధికారం వాటికి లేదు. లంచం తీసుకుని ఖాళీ దాచారన్నది వేరే ఫిర్యాదు. దానితో మీ పోస్టింగు మారదు.

సీనియారిటీ జాబితాలో నా పాయింట్లు తప్పు పడ్డాయి. ఎప్పుడు కదలాలి?

ఆ రోజే. ఈ వ్యాసంలో ఒక్క సమాధానమే చదివే ఓపిక ఉన్నవారు ఇది చదివితే చాలు.

మన బదిలీల పద్ధతిలో ఇంటి అద్దె భత్యం శ్రేణి, రోడ్డు, రవాణా సౌకర్యం వంటివి చూసి బడులను నాలుగు కేటగిరీలుగా విడదీసి, అక్కడ పనిచేసిన ఏడాదికి వరుసగా ఒకటి, రెండు, మూడు, ఐదు పాయింట్లు ఇవ్వడం కొన్నేళ్లుగా సాగుతున్న రివాజు. మూడో కేటగిరీకీ నాలుగో కేటగిరీకీ మధ్య ఏడాదికి రెండు పాయింట్ల తేడా అంటే, ఎనిమిదేళ్లకు పదహారు. పడమటి కర్నూలులో కౌతాళం, కోసిగి, హాలహర్వి మండలాల్లోనూ, మడకశిర వైపు రొళ్ల, అగళి మండలాల్లోనూ పనిచేసే వారి భవిష్యత్తు ఆ పదహారు పాయింట్ల మీదే ఊగుతుంది. ఊరికి తారురోడ్డు పడిందని కాగితంలో రాసి బడిని నాలుగు నుంచి మూడుకు దించితే, ఆ రోడ్డు మీద వాన కురిస్తే బస్సు రాదన్న సంగతి కంప్యూటరుకు తెలియదు.

షెడ్యూలులో ముందు ఖాళీల జాబితా, తాత్కాలిక సీనియారిటీ జాబితా, అభ్యంతరాల స్వీకరణ, తుది జాబితా, ఆ తరువాత వెబ్ ఆప్షన్లు, చివరికి ఉత్తర్వులు వస్తాయి. అభ్యంతరాలకు ఒకటి రెండు రోజులే ఇస్తారు. అప్పుడు ఊరికే ఉండి, ఆప్షన్లు పెట్టుకుని, తనకు నచ్చని బడి వచ్చాక జాబితా తప్పని కోర్టుకు వెళ్లిన వారిని న్యాయమూర్తి మొట్టమొదట అడిగేది, అభ్యంతరం ఎప్పుడు చెప్పారు అనే. ప్రక్రియలో పాల్గొని ఫలితం నచ్చక ప్రక్రియనే తప్పుపట్టడాన్ని కోర్టులు ఆదరించవు. పైగా అప్పటికి మీ స్థానంలో మరొకరు, వారి స్థానంలో ఇంకొకరు చేరిపోయి ఉంటారు. ఒక్కరి బదిలీ కదిలిస్తే పదిమంది కదలాలి. ఆ గొలుసు తెంపడానికి ఏ కోర్టూ ఇష్టపడదు.

అందుకని తాత్కాలిక జాబితా వచ్చిన రోజునే అభ్యంతరాన్ని ఆన్‌లైన్‌లో పెట్టి, అదే విషయాన్ని కాగితం మీద రాసి జిల్లా విద్యాశాఖాధికారి కార్యాలయం తపాలా విభాగంలో ఇచ్చి, రెండో ప్రతిపై తేదీతో ముద్ర వేయించుకోండి. ముద్ర వేయమంటే గుమాస్తా విసుక్కుంటాడు, ఓపిక పట్టండి. వేయకపోతే ఆ సాయంత్రమే రిజిస్టర్డ్ పోస్టులో పంపండి. మీ అభ్యంతరంలో మూడు సంగతులుంటే చాలు: ఏ నిబంధన, మీకు రావలసినవి ఎన్ని, ఇచ్చినవి ఎన్ని. దానికి సర్వీస్ రిజిస్టరు పేజీల నకళ్లు, బడి కేటగిరీ గురించి పాత బదిలీల నాటి జాబితా, రోడ్డు విషయమైతే పంచాయతీరాజ్ ఇంజనీరింగ్ అధికారుల ధ్రువపత్రం జతచేయండి. తుది జాబితాలో సరిదిద్దకపోతే ఆప్షన్ల గడువు ముగియకముందే హైకోర్టుకు వెళ్లవచ్చు. ఆ దశలో ఎవరి స్థానమూ కదలదు కాబట్టి, ఫలానా పాయింట్లు కలిపి చూడండని ఆదేశించడానికి కోర్టుకూ అభ్యంతరం ఉండదు.

భార్యాభర్తలిద్దరం టీచర్లం. ఒకే చోట వేయాలని అడిగే హక్కు ఉందా?

నిబంధనల్లో స్పౌజ్ పాయింట్లు (జీవిత భాగస్వామి కూడా ఉద్యోగి అయినందుకు ఇచ్చేవి) ఉన్నంత మేరకు అవి లెక్కించాలని పట్టుబట్టే హక్కు ఉంది. ఒకే చోట వేసి తీరాలనే హక్కు లేదు. 1993లో ఎస్.ఎల్. అబ్బాస్ కేసులో షిల్లాంగ్‌లోని బొటానికల్ సర్వే ఉద్యోగిని పౌడీకి బదిలీ చేశారు; భార్య షిల్లాంగ్‌లోనే ఉద్యోగి. భార్యాభర్తలను వీలైనంత వరకు ఒకే చోట ఉంచాలన్న మార్గదర్శకాన్ని అధికారి మనసులో పెట్టుకోవాలి కానీ, దానివల్ల ఉద్యోగికి అమలు చేయించుకోదగిన హక్కు రాదని సుప్రీంకోర్టు చెప్పింది. 2022లో నౌషాద్ రహమాన్ కేసులో మాత్రం బదిలీల విధానం రూపొందించేటప్పుడు కుటుంబ జీవనాన్ని రాజ్యం గౌరవించాలని కాస్త మెత్తగా మాట్లాడింది. దానిని ఉదహరించండి, కానీ దాని మీదే భవనం కట్టవద్దు.

ఆ పాయింట్లను దంపతుల్లో ఒకరు మాత్రమే వాడుకోవాలన్న షరతు, ఎన్నేళ్లకు ఒకసారి అన్న షరతు ఉంటాయి. ఎదుటివారు రెండుసార్లు వాడుకున్నారని చూపిస్తూ వేసిన కేసులు, తనకు వేయలేదంటూ వేసిన వాటికంటే గట్టిగా నిలవడం చూశాను.

నాకు వైకల్యం ఉంది; లేదా ఇంట్లో దీర్ఘకాలిక రోగి ఉన్నారు. కోర్టు కనికరిస్తుందా?

వైకల్యం విషయంలో కనికరం అక్కరలేదు, చట్టమే ఉంది. వికలాంగుల హక్కుల చట్టం, 2016లోని 20వ సెక్షను, వికలాంగ ఉద్యోగుల పోస్టింగులు, బదిలీలపై ప్రభుత్వం విధానం చేయవచ్చని చెబుతుంది. మన నిబంధనల్లో ప్రిఫరెన్షియల్ కేటగిరీ (ప్రాధాన్యం పొందే వర్గం) ఉన్నది అందుకే. మెడికల్ బోర్డు ధ్రువపత్రం కాలం చెల్లిందని, శాతం తక్కువని తిరస్కరించారా, అసలు చూడనే లేదా అన్నది ముఖ్యం. చూడకపోవడం నిబంధనల ఉల్లంఘన. చూసి కారణం చెప్పి తిరస్కరిస్తే, ఆ కారణం తప్పని చూపవలసిన బాధ్యత మీది. కుటుంబ సభ్యుల జబ్బు విషయంలో నిబంధనల్లో పేర్కొన్న రోగాల జాబితాలో అది ఉంటేనే పట్టు దొరుకుతుంది.

స్థానిక నాయకుడి మాట మీద నన్ను కదిలించారు. దీనిని కక్షసాధింపు అనవచ్చా?

అనుమానం వేరు, రుజువు వేరు. 2007లో మసూద్ అహ్మద్ కేసులో, ఎమ్మెల్యే సిఫారసు ఉన్నంత మాత్రాన బదిలీ చెల్లకుండా పోదని, ప్రజల ఫిర్యాదును అధికారికి చేరవేయడం ప్రజాప్రతినిధి పనేనని సుప్రీంకోర్టు అన్నది. ఎవరి ఉత్తరం వచ్చినా, అధికారి తన బుద్ధితో ఆలోచించి ఉత్తర్వు ఇచ్చాడా అన్నదే పరీక్ష.

ఉత్తర్వు వెనుక ఫిర్యాదు ఒక్కటే ఉండి, దాని మీద విచారణ జరపకుండానే బదిలీ చేసి ఉంటే మీకు 2009 నాటి సోమేశ్ తివారీ తీర్పు ఉపయోగపడుతుంది. భోపాల్‌లోని కేంద్ర ఎక్సైజ్ అధికారిపై ఆకాశరామన్న ఉత్తరం వచ్చింది. విచారణలో అది నిరాధారమని తేలింది. అయినా ఆయనను షిల్లాంగ్‌కు పంపారు. శిక్షకు బదులుగా చేసిన బదిలీ చెల్లదని సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వును కొట్టివేసింది. ఇటువంటి కేసుల్లో ఫైలులోని నోట్ ఫైలే (ఉత్తర్వుకు ముందు అధికారులు రాసుకున్న అభిప్రాయాల భాగమే) ప్రాణం. సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు చేయండి. మండల స్థాయి కార్యాలయానికి రుసుము 5 రూపాయలు, జిల్లా, రాష్ట్ర స్థాయికి 10 రూపాయలు. జవాబుకు గడువు 30 రోజులు కాబట్టి, దాని కోసం కేసు వేయడం ఆపుకోవద్దు. రికార్డు తెప్పించమని పిటిషన్‌లోనే కోరవచ్చు.

ఇదే సందర్భంలో ఒక హెచ్చరిక. బదిలీ ఆపించుకోవడానికి మీరు కూడా ఒక ఉత్తరం తెచ్చుకుని ఉంటే, అది ఫైలులో ఉంటుంది. బయటి ఒత్తిడి తేవడం ప్రవర్తనా నియమావళికి విరుద్ధం. ప్రభుత్వ న్యాయవాది దానిని తీసి చూపించినప్పుడు ముఖం చెల్లని పరిస్థితి వస్తుంది.

నన్ను జిల్లా దాటించవచ్చా? కొత్త జిల్లాలు వచ్చాక కేడర్ మారిందా?

371-డి అధికరణం కింద 1975లో వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం ఎస్జీటీలు, స్కూల్ అసిస్టెంట్లు జిల్లా కేడర్‌కు (జిల్లాకే పరిమితమైన ఉద్యోగ వర్గానికి) చెందినవారు. కడప, కర్నూలు, అనంతపురం, చిత్తూరు జిల్లాలు నాలుగో జోన్. స్థానిక కేడర్ దాటి పంపడం మామూలు బదిలీ కాదు. పంపే చోటి కేడర్‌లో అర్హులు దొరకనప్పుడు గానీ, ప్రజా ప్రయోజనం రీత్యా అవసరమైనప్పుడు గానీ, పరస్పర బదిలీగా గానీ జరగాలి. పరస్పర బదిలీలో కొత్త కేడర్ సీనియారిటీ చేరిన తేదీ నుంచే లెక్క. పదోన్నతి దగ్గరపడిన వారు ఆ సంతకం పెట్టే ముందు రెండు రాత్రులు నిద్రపోయి లేవాలి.

2022 ఏప్రిల్ 4న నంద్యాల, శ్రీసత్యసాయి, అన్నమయ్య జిల్లాలు ఏర్పడినా, ఆ తరువాతి బదిలీలు ఉమ్మడి జిల్లానే యూనిట్‌గా తీసుకుని సాగాయి. కాబట్టి కర్నూలు నుంచి ఆత్మకూరుకు, అనంతపురం నుంచి మడకశిరకు, కడప నుంచి లక్కిరెడ్డిపల్లెకు వేస్తే జిల్లా దాటించారని వాదించలేరు.

రిలీవ్ చేశారు. కొత్త బడిలో చేరకుండా కేసు నడపవచ్చా?

వద్దు. 1989లో గుజరాత్ విద్యుత్ బోర్డుకూ ఆత్మారామ్ పోషానీకీ మధ్య నడిచిన కేసు చదవండి. బదిలీపై అర్జీ పెట్టాను కదా అని ఆ ఉద్యోగి కొత్త చోట చేరలేదు. ఉద్యోగం పోయింది. హైకోర్టు తిరిగి ఇప్పించినా సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. స్టే గానీ, ఉత్తర్వు రద్దు గానీ లేనంతవరకు బదిలీని పాటించి తీరాలన్నది దాని సారం. అర్జీ పెండింగ్‌లో ఉండటం స్టే కాదు. కేసు పెండింగ్‌లో ఉండటమూ స్టే కాదు. అనుమతి లేకుండా ఏడాదికి మించి గైర్హాజరైతే రాజీనామాగా పరిగణించే ప్రాథమిక నిబంధన కూడా మన రాష్ట్రంలో ఉంది. చేరని రోజులకు జీతం రాకపోవడం, ఎల్పీసీ (చివరి జీతం ధ్రువపత్రం) కదలకపోవడం, ఇంటి రుణం కంతు బ్యాంకులో తిరిగిపోవడం అంతకంటే ముందే మొదలవుతాయి.

'అభ్యంతరానికి లోబడి చేరుతున్నాను' అని ఒక వాక్యం రాసి చేరండి. చేరినంత మాత్రాన కేసు పోదు.

ఇక యథాతథ స్థితి ఉత్తర్వు గురించి. న్యాయవాది ఫోను చేసి 'స్టేటస్ కో వచ్చింది' అనగానే పండగ చేసుకునేవారిని చూశాను. ఆ మాటకు అర్థం, ఆ ఉత్తర్వు నాటికి ఎవరు ఎక్కడ ఉంటే అక్కడే ఉండాలని. ఉదయం పదకొండుకు మీరు రిలీవ్ అయి, మధ్యాహ్నం మూడుకు ఉత్తర్వు వస్తే, మీరు రిలీవ్ అయిన స్థితే యథాతథం. పాత బడి హాజరు పట్టికలో మీ పేరుండదు. కాబట్టి మీరు రిలీవ్ అయ్యారా లేదా అన్నది ఏ తేదీ, ఏ గంట అన్నంత స్పష్టంగా న్యాయవాదికి చెప్పండి. దాచిపెడితే నష్టపోయేది మీరే.

బదిలీలు మే, జూన్ నెలల్లో జరుగుతాయి. హైకోర్టుకు అప్పుడే సెలవులు కదా?

అవును, ఈ రెండు క్యాలెండర్లు కలిసి రావడం మన దురదృష్టం. సెలవుల్లో వెకేషన్ బెంచ్‌లు నిర్ణయించిన రోజుల్లో కూర్చుంటాయి. వాటి తేదీలు, ఏ రోజు దాఖలు చేస్తే ఏ రోజు విచారణకు వస్తుందన్న వివరాలు హైకోర్టు ముందే ప్రకటిస్తుంది. షెడ్యూలు వచ్చిన రోజే ఆ నోటీసు కూడా చూసిపెట్టుకోండి. అత్యవసరం ఎందుకో ఒక పేరాలో చెప్పగలగాలి. రిట్‌కు నిర్దిష్ట కాలపరిమితి లేకపోయినా ఆలస్యం కూడా ఒక లోపమే. బడులు తెరిచి, అందరూ చేరి, యూనిఫాం పంపిణీ కూడా అయ్యాక వచ్చే పిటిషన్‌కు అత్యవసరం ఎక్కడ ఉంటుంది?

ఎవరెవరిని ప్రతివాదులుగా చేర్చాలి?

పాఠశాల విద్యాశాఖ ముఖ్య కార్యదర్శి, సంచాలకులు, ప్రాంతీయ సంయుక్త సంచాలకులు, జిల్లా విద్యాశాఖాధికారి ఎలాగూ ఉంటారు. జిల్లా పరిషత్, మండల పరిషత్, పురపాలక యాజమాన్యాలను బట్టి ఇతరులు చేరతారు. తరచుగా మరచిపోయేది, మీరు కోరుకునే స్థానానికి వచ్చిన సాటి టీచరును. ఆయన హక్కు పోయే ఉత్తర్వు ఆయన మాట వినకుండా కోర్టు ఇవ్వదు. తోటి ఉద్యోగిని కోర్టుకు ఈడ్చడం ఇబ్బందిగానే ఉంటుంది, రేపు అదే కాంప్లెక్స్ సమావేశంలో పక్కపక్కన కూర్చోవాలి. ఒక ఫోను చేసి, ఇది మీ మీద కాదు అని ముందే చెప్పడం మర్యాద.

'అర్జీని పరిశీలించండి' అని చెప్పి కేసు ముగించారు. నేను గెలిచానా, ఓడానా?

రెండూ కాదు. బదిలీ కేసుల్లో ఎక్కువగా వచ్చే ఫలితం ఇదే: పిటిషనర్ అర్జీని ఇన్ని వారాల్లో పరిశీలించి, నిబంధనల ప్రకారం తగిన ఉత్తర్వులు ఇవ్వండి. పరిశీలించమన్నారు తప్ప ఒప్పుకోమనలేదు. చాలాసార్లు నాలుగు వారాలకు ఒక పేజీ తిరస్కరణ వస్తుంది. అందులో కారణాలు రాయకుండా 'సాధ్యపడదు' అని మాత్రమే ఉంటే, మీరు చూపిన నిబంధనకు సమాధానం లేదంటూ దాని మీద మళ్లీ కేసు వేయవచ్చు. అందుకే మొదటి అర్జీ బాగా రాసి ఉండాలి. 'దయతో పరిశీలించగలరు' అని ముగిసే అరపేజీ అర్జీకి తిరస్కరణ కూడా అరపేజీయే వస్తుంది. కోర్టు ఉత్తర్వు ధ్రువీకృత ప్రతిని మీరే స్వయంగా కార్యాలయంలో ఇచ్చి ముద్ర వేయించుకోండి, గడువు సాధారణంగా ప్రతి అందిన నాటి నుంచే మొదలవుతుంది.

గడువు దాటినా అమలు చేయకపోతే కోర్టు ధిక్కార పిటిషన్ వేయవచ్చు. 1971 చట్టం ప్రకారం ధిక్కారం జరిగిన ఏడాదిలోగా వేయాలి. ముందు లాయర్ నోటీసు ఇస్తే చాలామంది అధికారులు అక్కడే కదులుతారు.

వర్క్ అడ్జస్ట్‌మెంట్ పేరుతో పక్క మండలానికి పంపారు. ఇది బదిలీయేనా?

పేరుకు కాదు. జీతం పాత బడిలో, పాఠం కొత్త బడిలో. విద్యార్థుల సంఖ్యను బట్టి టీచర్లను సర్దడానికి విద్యా హక్కు చట్టం, 2009లోని నిష్పత్తులే ఆధారం. ఆ విద్యా సంవత్సరం వరకే అని రాసి ఉంటే కోర్టు సాధారణంగా కలగజేసుకోదు. ఏడాది దాటినా కొనసాగితే, మీకంటే జూనియర్ ఉండగా మిమ్మల్ని పంపితే, గట్టి అర్జీ పెట్టవచ్చు. ఆ కాలాన్ని ఏ బడి కేటగిరీ పాయింట్ల కింద లెక్కిస్తారో అప్పుడే రాతపూర్వకంగా అడిగి పెట్టుకోండి. మూడేళ్ల తరువాత అడిగితే చెప్పేవారుండరు.

బోధనేతర సిబ్బందికి, కేజీబీవీ (కస్తూర్బా గాంధీ బాలికా విద్యాలయం) సిబ్బందికి ఇవే వర్తిస్తాయా?

బడిలో పనిచేసే జూనియర్ అసిస్టెంట్లు, రికార్డ్ అసిస్టెంట్లు, ఆఫీస్ సబార్డినేట్లు సాధారణ ఉద్యోగుల బదిలీ జీవోల కిందికి వస్తారు. బదిలీలపై నిషేధం సడలించిన కాలంలోనే వారి కదలిక. నిషేధం అమల్లో ఉండగా మినహాయింపు ఉత్తర్వు లేకుండా కదిలిస్తే అది ప్రశ్నించదగినదే. కేజీబీవీ సిబ్బందిది కాంట్రాక్టు. ముందు తమ ఒప్పంద పత్రం చదువుకోవాలి.

మా సంఘం కేసు వేసింది. నేను విడిగా వేయాలా?

నిబంధననే సవాలు చేస్తున్నట్లయితే సంఘం వేయడం సరిపోవచ్చు. కానీ మీ పాయింట్లు, మీ ఖాళీ, మీ ధ్రువపత్రం అన్నవి మీ ఒక్కరి వాస్తవాలు. వాటిని మరొకరు మీ తరఫున చెప్పలేరు. మధ్యంతర ఉత్తర్వులు తరచుగా పిటిషనర్లకు మాత్రమే పరిమితమవుతాయి. సంఘం కేసులో స్టే వచ్చిందని విని చేరకుండా ఆగిపోయి, తన పేరు ఆ జాబితాలో లేదని ఆలస్యంగా తెలుసుకున్న ఉపాధ్యాయిని ఒకరు నాకు తెలుసు. ఆమె పోగొట్టుకున్న జీతం ఇప్పటికీ రాలేదు. ఉత్తర్వు ప్రతిలో పిటిషనర్ల పేర్ల పేజీ తెరిచి, మీ పేరు, మీ బడి పేరు, మీ మండలం పేరు ఉన్నాయో లేదో చూసుకున్న తరువాతే ప్రధానోపాధ్యాయుడి దగ్గరకు వెళ్లండి.